ఐలవ్వ చెవులు

ఐలవ్వ అని ఒకామె ఉండె. అవ్వగారింట్ల ఎడమ ముక్కు కుట్టిచ్చి పంపిన్రు. అత్తగారింటికి వచ్చినంక ఏమైందంటే, అత్త రాజవ్వ మొఖం జూసి, మా కోడండ్లకు కుడి ముక్కే ఉండాలె, ఎడమది మాకు అచ్చిరాదన్నదంట. ఎడమది తీపిచ్చి కుడిది కుట్టిచ్చిన్రు. చీము వట్టింది, వంకాయ లెక్క వాసింది అనుకో, గంజి తాగుదమన్నా మంట. గది మానిందో లేదో, కడుపు పండుతలేదని ఎరుక చెప్పెటామెను పిలిసిన్రు. ఆమె చెయ్యి జూసి, ముక్కుకు నడుమ అడ్డం కుట్టియ్యాలె అన్నదంట. గది గూడ కుట్టిచ్చిన్రు. చూడుండ్రి, ముక్కు ఐలవ్వది, మాట మందిది. మొగడు మొండయ్యనేమో, అమ్మ చెప్పింది గదా, పోనీ అంటడు. పోనీ అంటే పోతదా నొప్పి?

ఒకనాడు ఐలవ్వకు ఇసుగు పుట్టింది. కలుపుకు వోతున్న అని చెప్పి, సీదా బంగారం పని జేసే అవుసల ఈరయ్య కాడికి వోయి, రెండు చెవులకు పై అంచు పొంటి వరుసగ కుట్టుమన్నదంట. ఈరయ్య సూది కింద వెట్టి, ఎవలు చెప్పిన్రు బిడ్డా, మీ అత్తనా అని అడిగిండు. ఎవలు చెప్పలే తాతా, నాకే కావాలె అన్నది. నొస్తది బిడ్డా అంటే, "ఇన్నొద్దులు మందికోసం నొచ్చింది. ఇది నాకోసం నొయ్యనియ్యి" అన్నదంట.

ఇంటికొచ్చే వరకు అత్త గడపల నిలవడ్డది. ఎవల్నడిగి కుట్టిచ్చుకున్నవ్, అవి తీసినంకనే లోపటికి రా అన్నది. మొండయ్య గూడ, తీసెయ్యరాదె, పోనీ అన్నడు. ఐలవ్వ ఏడ్వలే, మొత్తుకోలే. వాకిట్ల కూసొని ముక్కుకున్నయి తియ్యవట్టింది. "తీసుడైతే అన్ని తీస్త అత్తా. మీరు కుట్టిచ్చినయి ముందుగాల, నాయి ఎనుక" అన్నది. మొగడు బతికుండంగ కోడలు బోడి ముక్కుతోని వాకిట్ల కూసుంటే, దారిన వోయేటోళ్ళు నిలవడి చూడవట్టిరి. రాజవ్వ గడప దిగి ఉరికొచ్చింది. నీ చెవులు నీ ఇష్టం తల్లీ, ముక్కుకు వెట్టుకొని లోపటికి నడువు అని బతిమిలాడింది. ఐలవ్వ కుడిదొక్కటి వెట్టుకున్నది. అడ్డంది ఆ ఎరుక చెప్పినామెనే వెట్టుకొమ్మను అన్నదంట.

ఇగ అయిపోయింది అనుకున్నరా? అయిపోలే. ఆ చెవులు అందరి కండ్లల్ల వడ్డయ్. ఏడాది తిరగకముందే ఊళ్ళె అత్తలందరు, మా కోడండ్లకు గట్లనే ఉండాలె అనవట్టిరంట. ఒకనాడు ఈరయ్య కాడ కొత్త కోడలు ఒకామె ఏడుస్తున్నది, అత్త రెక్క ఇడుస్తలేదు. ఐలవ్వ జూసింది. నెత్తి మీది గంప కింద వారేసి, "నీకు కావాల్నా?" అని పిల్లను అడిగింది. పిల్ల వద్దని తల ఊపింది. మరెందుకు కూసున్నవ్, లే అని చెయ్యి వట్టి తోలుకవోతుంటే, ఆ అత్త తిట్టుకుంట ఎనుక ఉరికిందంట. ఇప్పటికి గా ఊరికి వోతే చూడుండ్రి, కొందరికి చెవి నిండ ఉంటయ్, కొందరికి ఒక్కటి గూడ ఉండది. ఎందుకని మాత్రం అడుగకుండ్రి. మంచిగ తిడ్తరు.