మెక్‌ఫీ గారి నోటి ఓటు

రాఘవులు కోతలు అమెరికాలోని బెంటన్‌విల్ తెలుగువాళ్ళకి కొత్త కాదు గానీ, ఆ శనివారం ఆయన ఆశంతా వాటి మీదే ఉంది. తెలుగు సంఘం ప్రెసిడెంట్ ఎన్నిక ఆయన ఇంటి వెనక చెక్కల డెక్ మీదే పెట్టారు. ఆయన మీద పోటీకి నిలబడ్డది కృష్ణవేణి, ప్రతి ఉగాదికీ హాల్ బుక్ చేసి, కుర్చీలు మోసి, చివర్న చెత్త కూడా ఎత్తే మనిషి. ఆవిడ ముందు రాఘవులుకున్న బలం నోరొక్కటే. ఇంట్లో నూనె వాసన పడుతుందని ఆయన భార్య ఉమ డెక్ మూల గ్యాస్ స్టవ్ పెట్టుకుని, మిరపకాయ బజ్జీలు వేస్తూ మొగుడి మాటలు వింటోంది.

"చీటీ మీద రాసి డబ్బాలో వేయడమేంటండీ, పిరికి పని. నోటితో చెప్పాలి, అందరి ముందూ. ఇదెక్కడ నేర్చుకున్నానో తెలుసా? పోయిన డిసెంబర్లో ఉమ ఇండియాలో ఉందిగా, నేను అమెరికా వీసా స్టాంపింగ్‌కని కెనడా వెళ్ళా. హాలిఫాక్స్. స్టాంప్ పడ్డ పాస్‌పోర్ట్ తీసుకుని వస్తుంటే మంచు మీద కాలు జారి పడ్డా. అంతే."

ఉమ చేతిలో చిల్లుల గరిటె ఆగింది.

"అంతేనా అన్నా?" అన్నాడు వినీత్, ఆఫీసులో రాఘవులు టీమ్‌లో పనిచేసేవాడు.

"పడ్డది ఎవరి గుమ్మం ముందో వినవయ్యా. ఆంగస్ మెక్‌ఫీ గారిది. నూట యాభై ఏళ్ళ నాడు అక్కడి రాష్ట్ర అసెంబ్లీ మెంబరు. ఆయన మునిమనవరాలు, ముసలావిడ, నన్ను లేపి లోపల కూర్చోబెట్టి టీ ఇచ్చింది. ఆయన చేపలు పట్టేవాళ్ళింట్లో పుట్టి, బడిపంతులై, కొట్టు పెట్టి, ఎన్నికల్లో నిలబడ్డాడట. అప్పట్లో ఓటంటే జనం ముందు నిలబడి పేరు చెప్పడమే. ఆయన మొహం చూసి కాదనే ధైర్యం ఒక్కడికీ లేకపోయింది. ఆఖరికి ఎదుటి అభ్యర్థి కూడా నోరు తెరిచి మెక్‌ఫీ అనేశాడు."

"సొంత ఓటు కూడానా?" కృష్ణవేణి నవ్వింది.

"సొంతదీ, వాళ్ళ మామగారిదీనూ. ఆ తర్వాత ఏమైందో తెలుసా? మా ఊరికి రైలు కావాలని అసెంబ్లీలో లేచాడు. మంచు పడుతుండగా మొదలెట్టిన ఉపన్యాసం యాపిల్స్ కోసే రోజులకి కూడా అవలా. ప్రతిపక్షం వాళ్ళు మధ్యలో ఇళ్ళకెళ్ళి, పెళ్ళిళ్ళు చేసుకుని, పిల్లల్నెత్తుకుని తిరిగొచ్చారు, ఈయనింకా సభాపతికి నమస్కారాల దగ్గరే ఉన్నాడు. చెవులు కాపాడుకోవాలిగా, రైలు ఇచ్చేశారు. ఇంజనీర్లేమో వంతెన తప్పు చోట కట్టారు, కింద నీళ్ళే లేవు. ఈయన గట్టున నిలబడి కాసేపు మాట్లాడేసరికి నది లేచొచ్చి వంతెన కింద పడుకుంది."

"నదికి ఓటుందా అన్నా?"

"తర్వాత ఇప్పించాడయ్యా. ఇదంతా చెప్పి ముసలావిడ గోడ మీద ఆయన ఫోటో వంక చూసింది, నా వంక చూసింది. చేతిలో కప్పు జారిపోయింది. అదే నుదురు, అదే మీసం. వీధి వీధంతా వచ్చేసింది. మర్నాడు పార్టీవాళ్ళు దిగారు. ఆయన సీటు ఇన్నేళ్ళూ మీ కోసమే ఖాళీగా ఉంచాం, మంత్రి పదవీ, సిటిజన్‌షిప్పూ ఇక్కడికిక్కడే తీసుకోండి అన్నారు. నేనేమన్నానో తెలుసా? గ్రీన్ కార్డ్ లైన్‌లో ముసలాణ్ణయిపోతాను గానీ, బెంటన్‌విల్ తెలుగువాళ్ళని వదలనన్నా."

చప్పట్లు మోగాయి. ఈ మాటకైనా ఓటెయ్యాలండీ అని వెనకనుంచి ఎవరో అన్నారు. రాఘవులు కుర్చీలో వెనక్కి వాలాడు, అప్పుడే ప్రెసిడెంట్ అయిపోయినట్టు.

ఉమ స్టవ్ కట్టేసి వచ్చింది.

"ఏవండీ, డిసెంబర్లో స్టాంపింగ్ అయిపోయిందన్నమాట."

"మరి? వీసా ఆఫీసరు ఒక్క ప్రశ్న అడగలా."

"జనవరిలో మా తమ్ముడి పెళ్ళి కదండీ. స్టాంపింగ్ లేదు, దేశం దాటితే మళ్ళీ రానివ్వరు అన్నారు మీరు. నెల్లూరులో బావగారేరీ అని అడిగిన ప్రతివాళ్ళకీ నేనదే చెప్పుకుంటూ తిరిగా."

స్టాంప్ పడ్డవాడు ఇండియా వెళ్ళి రావడానికి ఏ అడ్డూ లేదని ఆ డెక్ మీద ప్రతివాళ్ళకీ తెలుసు. ఉమకి నిజంగానే ఏడుపొచ్చింది. పెళ్ళిపందిట్లో ఒంటరిగా నిలబడ్డ సిగ్గంతా మళ్ళీ గుర్తొచ్చింది.

రాఘవులు ఓటర్ల వంక చూశాడు, పెళ్ళాం వంక చూశాడు.

"కెనడా లేదు ఉమా. ఒట్టు. ఆ చలికాలమంతా ఈ ఊరు దాటలా. ఆ ముసలావిడా లేదు. ఆ పెద్దమనిషి సంగతి సోఫాలో పడుకుని ఫోన్‌లో చదివా."

"మరి నది?" అన్నాడు వినీత్.

"నదీ లేదు. నువ్వూరుకోవయ్యా."

డెక్ అంతా విరగబడి నవ్వింది. ఉమ చెంగుతో మొహం తుడుచుకుంది. ఈయన కోతలు కోసింది ఊరివాళ్ళ దగ్గరే గానీ తన దగ్గర కాదు. ప్రాణం కుదుటపడింది.

"రాఘవులు గారూ, చీటీలు తెప్పించనా?" అంది కృష్ణవేణి.

రాఘవులు మొహంలో కాస్త ఆశ కనపడింది. ఈలోగా వినీత్ అడ్డొచ్చాడు. "లేదు లేదు, అన్న చెప్పినట్టు నోటితోనే. ముందు ఇంటావిడ చెప్పాలె."

ఉమ పళ్ళెంలోంచి అన్నిటికన్నా పెద్ద బజ్జీ ఏరి మొగుడి ప్లేటులో వేసింది. చెయ్యి తుడుచుకుని, అందరికీ వినపడేలా, "కృష్ణవేణి గారు" అంది.