చెవితో కొట్టిన గోలు

1907, లాంకషైర్‌లో ఒక మిల్లు ఊరు. మూడేళ్లుగా రెండో జట్టులోనే మగ్గుతున్న ఫుట్‌బాల్ ఆటగాడు ఆ శనివారం సాయంత్రం బురదకాళ్లతోనే ఇంట్లోకి ఉరికాడు. భార్య టీ కాస్తోంది.

“ఒసేయ్, ఇవాళ నన్ను పెద్ద జట్టులో ఆడించారే!”

“నిన్నా? వాళ్లకి అంత కరువొచ్చిందా?”

“ఆడాల్సినవాడికి రైలు తప్పిపోయింది. నేను గోలు కూడా కొట్టాను!”

“ఏ కాలితో?”

“చెవితో. బంతి వచ్చి ఫెడీమని తగిలి, దానంతటదే లోపలికెళ్లింది. పదివేలమంది టోపీలు ఎగరేశారే!”

“మరి నెలాఖరుకి నిన్ను తీసేస్తామన్నారుగా?”

“ఆ మాట వెనక్కి తీసుకున్నారు. వచ్చే శనివారమూ నేనే! ఇంతకీ నీ గొంతేంటే, అలా బొంగురుపోయింది?”

“గోలు స్తంభాల వెనకాల నిలబడి గంటన్నరసేపు నీ పేరే అరిస్తే పోదూ మరి!”