అగ్గికొండ మింగిందన్న మా నాయన

"అవ్వా, అండమాను దీవిలో అగ్నిపర్వతం మళ్ళీ పొగ కక్కుతాందని పేపర్లో వేసినారు. మీ నాయన చూసింది ఇదేనా?"

ఇదే మే, ఇదే. మనుషులు లేని దీవి, నడుమ కొండ. కూచ్చో, చెప్తా. ఈ మధ్య పొయ్యి మీద పాలు పెట్టి మర్చిపోతాండా. ఇది గూడా పోకముందే చెప్పెయ్యల్ల.

మా నాయన సాలెవాడు. నా చిన్నప్పుడొచ్చిన కరువులో నూలు దొరకల్యా. మా మగ్గం గుంతలో కోడి గుడ్లు పెట్టె, అట్లుండె బతుకు. ఆత్మకూరు తట్టు నుంచి మాన్లు కొట్టే కూలోళ్ళను అండమానుకు పిల్చకపోతాంటే, వాళ్ళతో పాయె. గొడ్డలి పట్టిన చెయ్యి గాదు ఆయనది, పోగు అతికే చెయ్యి. మా చిన్నాయన బస్సు దాకా పోయి... బస్సు యాడిది అప్పుడు, ఎద్దులబండి. బండెక్కించి వచ్చె.

ఆన్నుంచి ఒక జాబు వచ్చె. ఓడలో పోతాంటే అగ్గికొండను చూపించిరి, నెత్తిన సన్నంగా పొగ ఉండాది అని రాసినాడు. వీధంతా అదే మాట. ఆడోళ్ళు నీళ్ళకాడ గూడా అగ్గికొండే.

మళ్ళ యుద్ధమొచ్చె. జపానోళ్ళు ఆ దీవులు పట్టుకునిరి, జాబులు నిలిచిపాయె. ఏండ్లు పాయె. రంగూను నుంచి పారిపోయొచ్చిన మనిషెవురో నందికొట్కూరు సంతలో చెప్పెనంట, సముద్రంలో పెద్ద మంట చూసినామని. అది ఓడ కాలిన మంటో, బాంబు మంటో ఎవురికి తెలుసు? చిన్నాయన ఏడుస్తా వచ్చె. "కొండ పగిలింది వదినా, అన్న పాయె."

మా యమ్మ ఒప్పుకోల్యా. "పొగొచ్చిందల్లా పగుల్తాదా? మన పొయ్యిలో రాదా పొగ?"

"నువ్వు చూసొచ్చినావా?" అనిరి కులపెద్దలు.

"మీరు చూసొచ్చినారా?"

"పీనుగు దొరకనోనికి బొమ్మన్నా కాల్చకపోతే గతి ఉండదు. నీ మొగున్ని గాలిలో తిప్పుతావా?" అనిరి. ఆ మాటకు అమ్మ లోపలికి పోయి నాయన పంచ తెచ్చిచ్చె. దర్భలతో బొమ్మ చేసి, ఆ పంచ కట్టి, వాగులో కాల్చిరి. అమ్మ గాజులు పగలగొట్టిరి. ఆ బొమ్మకు మొగం ల్యా. అది మాత్రం మర్చిపోల్యా నేను.

యుద్ధం అయిపోయినాక ఒక పొద్దున వీధిలో పడుగు, అదే మగ్గానికెక్కించే నిలువు పోగులు, సాగదీసి గంజి పెడతాన్నాం. ఎండిపోయిన మనిషొకడు వచ్చి పడుగు కొనన నిలబడె. పడుగు తొక్కి దాటగూడదని సాలెవానికి తెలుసు గదా. ఆన్నుంచే అమ్మ నొసలు చూసె, చేతులు చూసె.

"ఏమ్మే, ఎవురు పోయిరి?" అనె.

 అమ్మ గంజి కుంచె ఆడనే పడేసె. లోపలికి పాయె.

చిన్నాయన కొండ సంగతి చెప్తే నాయన నవ్వె. "ఒరేయ్, అది మన తాతల కాలంలో నిప్పు కక్కి, నల్లబూడిద దిబ్బయి పండుకునిందంట. తెల్లోళ్ళు ఓడల్లోంచి చూసినారంట. మళ్ళ లేచింది ల్యా. దాని మీద మేకలు దప్ప మనిషి లేడు. మేముండేది యాడనో వేరే దీవి." పెద్దలు అంతా విని, "కొండ నిద్రపోతే పోనీలేప్పా, నీ కర్మ అయిపాయె గదా" అనిరి.

తోవ ఒకటుండె. కర్మ అయినోడు తిరిగొస్తే, మళ్ళ పుట్టినట్టు నీళ్ళు పోసి, పేరు పెట్టి, ఆ పెండ్లానికే మళ్ళ తాళి కట్టిస్తారు. ముహూర్తం గూడా చూసిరి. నాయన ఒప్పుకోల్యా. "జపానోళ్ళు సంపల్యా, ఆకలి సంపల్యా. ఇప్పుడు నా నోటితో నేనే చచ్చినానని చెప్పల్నా?"

అమ్మ తలుపు చాటు నుంచి బతిమాలె. "ఒక్క పూట పుట్టినట్టు కూచ్చో సామీ. నాకు రెండో తోవ ల్యా."

ఆయన మగ్గం గుంతలో దిగి తెగిన పోగు అతుకుతా కూచ్చునె.

అంతే. మగ్గం కాడనే పండుకునేవాడు. అమ్మ గడప మీద సంగటి పెట్టి, మొగం తిప్పుకోని పొయ్యేది. ఒకే కప్పు కింద మే! స్వతంత్రం వచ్చిందని పప్పుబెల్లాలు పంచిన దినాల్లోనే, దీవి నుంచి తెచ్చుకున్న చలిజరం తిరగబెట్టి నాయన పాయె. పెద్దలేమో, "కర్మ ఒకసారి చేసినాం, రెండుసార్లు పనికిరాదు" అనిరి. మంత్రం ల్యా, పిండం ల్యా, కట్టెల్లో పెట్టి వచ్చిరి. అమ్మ గుండెలు బాదుకుంటాంటే పక్కింటామె, "ఎవురి కోసరం ఏడుస్తాండావు, నీ మొగుడు ఎప్పుడో పాయె గదా" అనె. అమ్మ ఠక్కున ఆపేసె. మళ్ళ ఆమె ఏడ్చింది నేను చూడల్యా.

అక్షరాలు నేనే కూడబలుక్కోని నేర్చినాక, ఆ కొండ మాట యాడ కనపడినా చదివినా. నాయన చెప్పిందే నిజం. నూరేండ్లకు పైన పండుకోనే ఉండె. నేను ముసలిదాన్నయినాక లేచె.

ఆ పక్కింటామె పేరు... నాలిక మీదనే ఉండాది, రాల్యా. పోనీ. నిన్ను మాత్రం తల్లీ, బతికున్నన్ని దినాలు బతికున్నదాని లెక్కనే నలుగురూ చూడనీ...