అరటిపువ్వులోంచి రాలిన పేరు

ఏం పేరన్నావూ? మళ్ళీ చెప్పు. ముత్యానా? ఏదీ, ఆ ఫోను ఇలా తే... వద్దులే, నా కళ్ళజోడు మరియమాత పటం దగ్గర పెట్టాను, ఇప్పుడు లేచి అంత దూరం నడవలేను. నువ్వే చదువు. "అరుదైన పేరు. అర్థం మణి, రత్నం, ప్రియమైనది." ఊఁ. అంతేనా? రాసినవాడెవరో మహాపండితుడమ్మా, మూడు మాటల్లో తేల్చేశాడు. అరుదైనదట! ఎందుకు అరుదైందో ఆ ఫోనుని అడిగే బదులు మీ అమ్మమ్మని అడక్కూడదూ? నేనింకా బతికే ఉన్నాగా. సరే, ఆ బల్ల మీద కూర్చో. కాళ్ళు వేలాడెయ్యకు, నీరు పడుతుంది. ఏడో నెలలో నాకూ పడింది, మీ అమ్మ కడుపులో ఉన్నప్పుడు. ఆ చిక్కుళ్ళు ఇటు జరుపు, ఒలుస్తూ చెబుతాను. చేతులు ఊరికే ఉంటే నాకు మాట సాగదు.

ముత్యా అంటే మెడలో వేసుకునే మణి కాదే తల్లీ. అంగట్లో దొరికేది అసలే కాదు. అరటిచెట్టు మొదటిసారి పువ్వు వేస్తుంది చూడు, ఆ పువ్వు వంగే క్షణాన కొసనుంచి చిన్న రాయిలాంటిది రాలుతుందట. కింద నేల తాకకుండా నోటితో పట్టుకోవాలి. పట్టుకున్నవాడికి ఇక ఓటమి లేదట, పందెంలోనూ, వేటలోనూ, ఆడవాళ్ళ దగ్గరా. ఏటి అవతల ఎవరో పట్టారని చెప్పేవాళ్ళే గానీ, ఇవతల పట్టినవాణ్ణి నేను చూడలేదు. మా తాత వెనాన్సియో మాత్రం ప్రయత్నించాడు. మా నాన్నకి నాన్న. పెద్దమనిషి, గుళ్ళో ముందు వరస బల్ల ఆయనదే. ఈస్టరుకి ముందు తపస్సు కాలంలో ఊరంతా సిలువమార్గం ప్రార్థనలు చేస్తుంటే ఆయన పెరట్లో అరటిచెట్టు కింద నోరు తెరుచుకుని నిలబడ్డాడట. పొద్దు వాలేదాకా. మా నానమ్మ చెప్పేది, పాపం, నవ్వకుండా చెప్పేది: "దోమలు తప్ప ఏమీ పడలేదే. అవి మాత్రం నేల తాకకుండా పట్టాడు మీ తాత."

మర్నాడు నానమ్మకి నొప్పులొచ్చి ఆడపిల్ల పుట్టింది. సరిగ్గా అదే రోజు తాత పుంజు పందెంలో గెలిచింది. కుంటిది, ఒక కన్ను లేదు, కూరకి కూడా పనికిరాదని నానమ్మ అనేసిన పుంజు. ఇంకేముంది! తాత పరుగున వచ్చి పసిగుడ్డుని ఎత్తి, "నోట్లో పడాల్సింది ఒళ్ళో పడిందే!" అన్నాడట. కన్నది నానమ్మ. పేరు అరటిచెట్టుకి. మిగతా పిల్లలందరికీ క్యాలెండరులో ఆ రోజు ఏ పునీతుడుంటే ఆ పేరు పెట్టాడు. అందుకే మా నాన్న పొలికార్పియో, మా పెద్దత్త యుస్తాకియా. ఈ పిల్లకి మాత్రం ముత్యా. గుళ్ళో గురువుగారు ఒప్పుకోలేదు, ఎందుకొప్పుకుంటారు? "వెనాన్సియో, పునీత ముత్యా ఎవరయ్యా? ఏ పీఠం మీద ఉంది? అరటిపువ్వుకి నన్ను కొవ్వొత్తి వెలిగించమంటావా?" అన్నారు. చివరికి జ్ఞానస్నానానికి ఏదో పునీతురాలి పేరు రాసి ముగించారు. ఆ పేరు ఆ పుస్తకంలోనే ఉండిపోయింది. ఊరి నోట్లో మాత్రం ముత్యానే. నాకు ముత్యా అత్త.

అత్త ఎలా ఉండేదంటే... ఫోటో లేదమ్మా, తియ్యనివ్వలేదు, మణి బొమ్మ తీస్తే వెలుగు తగ్గుతుందని మా తాత శాస్త్రం. జుట్టు కత్తిరించనివ్వలేదు. ఇస్త్రీ పెట్టె పట్టుకోనివ్వలేదు, చెయ్యి కాలుతుందని కాదు, మహిమ కాలుతుందని. ఏరు దాటనివ్వలేదు, తాయెత్తు నీళ్ళు దాటితే ఉత్త రాయి అవుతుందట. ఏరని మేమనేది మన సరస్సునే, అవతలి ఒడ్డున గుడి గోపురం కనిపిస్తుంది కదా, అంత దగ్గర. పొద్దున్నే గుమ్మం ముందు బారు తీరేవాళ్ళు పందెగాళ్ళు, పుంజుల్ని చంకలో పెట్టుకుని. "అమ్మాయ్, ఒక్కసారి దీని జుట్టు నిమురు." "తల్లీ, మా వలమీద చెయ్యి వెయ్యి." దర్జీవాడొకడు కత్తెర తెచ్చాడు. పుంజు గెలిచిందనుకో, "నా పెంపకం అలాంటిది" అని మీసం దువ్వేవాడు. ఓడిందనుకో, "పొద్దున అమ్మాయి మొహం చిరాగ్గా ఉందిలే, నేనప్పుడే అనుకున్నా." అంటే గెలుపు వాళ్ళది, ఓటమి అత్తది. మగవాళ్ళు చాలా న్యాయంగా పంచుతారమ్మా, ఆ విషయంలో నేను వంక పెట్టను. గుడ్ ఫ్రైడే నాడు ఇంకా ఎక్కువమంది. తాయెత్తులకి ఆరోజే బలం వస్తుందట. లోకరక్షకుడు చనిపోయి ఉంటే వీళ్ళు కోళ్ళతో వచ్చేవాళ్ళు. ప్రభువు క్షమించుగాక, ఆయన క్షమిస్తాడు, నాకే ఇంకా కుదర్లేదు.

ఇక సెర్వాందో అని ఒకతను. అతని దగ్గరికే వస్తున్నా. అవతలి ఒడ్డువాడు, రొట్టెలు కాల్చేవాళ్ళ కుర్రాడు. తెల్లవారుజామున పడవలో వేడి రొట్టెలు తెచ్చి ఇక్కడ అమ్మేవాడు. అత్త చేతికి రొట్టె ఇచ్చినవాడు, ఆ చేత్తో దేన్నీ నిమరమని అడగలేదు. అంతే, ఇంకేం కావాలి? ఆవిడకి అలాంటి మనిషి తారసపడ్డం అదే మొదలు. "ఇవాళ ఉప్పు కాస్త ఎక్కువైంది, ఏమనుకోకు" అన్నాడట. దానికే అత్త పొద్దంతా పొయ్యి దగ్గర తనలో తను నవ్వుకుంది. పిల్లనడగాలంటే మనవాళ్ళ పద్ధతి తెలుసుగా. ఇప్పుడు మీరు ఫోనులో బొమ్మలు పంపుకుంటున్నారు గానీ అప్పుడు పిల్ల ఇంట్లో చాకిరీ చెయ్యాలి. నీళ్ళు మొయ్యాలి, కట్టెలు కొట్టాలి, ఇంటి కప్పుకి ఆకు కప్పాలి. అతనూ చేశాడు. తాత ఎంత ఆనందించాడో! "మంచి కుర్రాడు, బుద్ధిమంతుడు, ఇంకొక్క వాన కాలం చూద్దాం." వానాకాలం పోయింది. "కప్పు ఎండాకాలంలో కూడా ఆగుతుందో లేదో చూద్దాం." తర్వాత పందుల దొడ్డి. తర్వాత బావి. ఉచితంగా నీళ్ళు తెచ్చేవాణ్ణి అల్లుణ్ణి చేసుకుని పోగొట్టుకుంటామా? మా తాతకి తెలివి లేదని ఎవరూ అనలేదు. నాకప్పుడు తొమ్మిదో పదో. నేను అతన్ని అప్పుడే "మామయ్యా" అనేసేదాన్ని. నానమ్మ కళ్ళురిమేది, తాత వినేలా అనకే అని.

చివరికి ఊరి పండగొచ్చింది. తాత దగ్గర డేగ ఉండేది, ఎర్రటి పుంజు, దాన్ని మనవలకంటే ఎక్కువ ముద్దు చేసేవాడు. మా ఊరి మేయరుగారి పుంజుతో పందెం. వాకిట్లో తాత స్నేహితులంతా చేరారు. కొబ్బరికల్లు సారాయి తిరుగుతోంది. సెర్వాందో పెరట్లోంచి గొడ్డలి చేత్తో పట్టుకునే వచ్చాడు, మధ్యలో నిలబడి, "పెద్దయ్యా, నేనింకెన్నాళ్ళు?" అన్నాడు. అంతే అన్నాడు. తాతకి నలుగురిలో ఏదో ఒకటి అనక తప్పదు కదా. ఛాతీ విరిచి, "నా డేగ ఓడితే పిల్లని తీసుకుపో! ఓడిందంటే పిల్లలో మహిమ లేనట్టేగా, నాకెందుకు?" అన్నాడు. స్నేహితులు "భళా భళా!" నానమ్మ వంటింట్లోంచి తొంగి చూసి, సిలువ గుర్తు వేసుకుంది. అత్త వచ్చి ఎప్పటిలాగే డేగని ఒళ్ళోకి తీసుకుని జుట్టు నిమిరింది. అందరూ చూస్తూనే ఉన్నారు. తేడా ఏమీ లేదు, ప్రమాణం, నేను పక్కనే ఉన్నాను.

డేగ ఓడింది. ఒక్క దెబ్బకే! బరి నుంచి కేకలు వినిపించగానే అత్త లోపలికెళ్ళి రెండు గౌన్లు, ఒక దువ్వెన, జపమాల దిండుగలీబులో పెట్టుకుని మెట్ల మీద కూర్చుంది. నేను పక్కన. "అత్తా, నన్నూ తీసుకెళ్తావా, అక్కడ రొట్టెలు తింటా" అంటే, "నువ్వొస్తే ఇక్కడ మీ నానమ్మకి ఎవరే?" అంది. తాత వచ్చాడు. చంకలో పుంజు లేదు, ఓడిన కోడి గెలిచినవాడి కూరకెళ్ళిపోతుందిగా. స్నేహితులు వెనకాల, తలలొంచుకుని. సెర్వాందో గుంజ దగ్గర నిలబడ్డాడు. తాత అత్త వంక చూశాడు, దిండుగలీబు వంక చూశాడు. ఇంత సేపు చూశాడు. తర్వాత ఏం చేశాడో తెలుసా? తిట్టాడనుకున్నావా? మోకాళ్ళ మీద కూలబడ్డాడమ్మా! గుళ్ళో దివ్యసత్ప్రసాదం ముందు కూడా అంత భక్తిగా కూర్చోవడం నేను చూడలేదు. "చూశారట్రా! ఇది గెలవమంటే గెలుస్తుంది, ఓడమంటే ఓడుతుంది! నా డేగని ఒక్క మనసుతో చంపేసింది! ఇన్నాళ్ళూ సగం మహిమే చూశాం మనం!" స్నేహితులు వెంటనే, "అవునవును! ఇలాంటిదాన్ని ఏరు దాటిస్తామా? ఊరు మునిగిపోదూ?" ఓడినా మణే, గెలిచినా మణే. అంత చక్కని లెక్క నేను మళ్ళీ వినలేదు. మాట ఇచ్చావుగా అని నానమ్మ ఒక్కర్తే అంది. ఆడవాళ్ళు వంటింట్లోంచి అన్న మాట వాకిలి దాకా చేరదుకదా.

సెర్వాందో పెరట్లోకి వెళ్ళాడు. మిగిలిన కట్టెలు కొట్టేశాడు. అవును, కొట్టి, పేర్చి, గొడ్డలి గోడకి ఆనించి, పడవెక్కాడు. నువ్వడుగుతావు, పారిపోవచ్చుగా అని. నేనూ అడిగాను, పెద్దయ్యాక. అత్త చెప్పింది: "పుట్టిన దగ్గర్నుంచి అందరూ ఒకే మాట చెబితే నీకు మాత్రం అనుమానం రాదటే? నేను పడవెక్కాక ఏ గాలివానకో ఎవరి వలైనా పోతే? ఎవరి బిడ్డైనా పోతే? ఎవర్నడిగి తెలుసుకోను, ఉత్తదని?" చూశావా. పందెగాళ్ళు నమ్మితే నవ్వొస్తుంది. అత్త నమ్మితే... ఆ కత్తిపీట ఇలా ఇవ్వు. ఇది ముదిరింది, పీచు.

తాత పోయేసరికి అత్తకి నలభై. నాకు మీ అమ్మ పుట్టింది అప్పటికి. తాత పేర నలభయ్యో రోజు ప్రార్థన అయ్యాక అత్త తెల్లటి పొడుగు గౌను వేసుకుని, "రావే, అవతలికి పోయొద్దాం" అంది. పడవలో నా చెయ్యి వదల్లేదు. ముందుకి చూడటంలేదు, వెనక్కే చూస్తోంది, ఊరు మునుగుతుందేమోనని. మన గుడి గోపురం మునగలేదు. చేపల గట్టు మునగలేదు. మేయరుగారి మేడ కూడా మునగలేదు, అది మాత్రం కాస్త విచారించదగ్గ విషయమే. పడవవాడు విజిల్ వేసుకుంటూ తోస్తున్నాడు. సగం దూరం వెళ్ళాక అత్త చిన్నగా, "ఏమీ అవలేదే" అంది. సంతోషంగా అన్లేదమ్మా. ఇరవై ఏళ్ళ కిందట కూడా ఏమీ అయ్యేది కాదన్నమాట, అదీ ఆ మాటకి అర్థం. నాకు ఆవిడ మొహం వంక చూడబుద్ధి కాలేదు, నీళ్ళలోకి చూస్తూ కూర్చున్నాను.

రొట్టెల కొట్టు సంత వీధిలో. సెర్వాందోకి పెళ్ళయిందని, పిల్లలున్నారని మాకు తెలుసు, అత్త అందుకోసం వెళ్ళలేదు. ఎందుకెళ్ళిందో నేనడగలేదు. కొట్టు ముందు బల్ల మీద ఎవరూ లేరు. మేం నిలబడ్డాం. ఇంతలో లోపల్నుంచి పొగ, దాని వెనక సెర్వాందో గొంతు, ఊరంతా వినేలా: "ముత్యా! ఒసేయ్ ముత్యా! ఎక్కడ చచ్చావే? రొట్టెలు బొగ్గులైపోతున్నాయి!" నా పక్కన అత్త ఉలిక్కిపడి, "వస్తున్నా" అనేసింది. తనని ఆ పేరుతో ఎవరూ ఎప్పుడూ కసరలేదు కదా. ఈలోగా పెరటివైపు నుంచి పద్నాలుగేళ్ళ పిల్ల, ముక్కు మీద పిండి, జుట్టు చెవుల దాకా కత్తిరించుకున్న పిల్ల, పరిగెత్తుకుంటూ వచ్చింది. "వస్తున్నా నాన్నా, అరవకు, చెవిటిదాన్నేం కాదు!" "మొద్దు మొహమా, నిన్నా ఇంతే, మొన్నా ఇంతే, నీ వల్ల ఈ కొట్టు దివాలా తీస్తుంది!" "తియ్యనీ, అమ్మ దగ్గర కూర్చుని చేపలమ్ముతా!"

అత్త నవ్వింది. అలా నవ్వడం నేనెన్నడూ చూడలేదు. నోటికి చేతి రుమాలు అడ్డం పెట్టుకుని, కళ్ళలో నీళ్ళొచ్చేదాకా. అతను బయటికి రాకముందే ఆ పిల్ల దగ్గర మాడిన రొట్టెలే అడిగి కొనుక్కుంది. పిల్ల, "ఇవి బాగోవండీ, మంచివి ఇస్తాను ఆగండి" అంటే, "ఇవే కావాలమ్మా" అంది. పడవలో తిరిగొస్తూ ఒక్కతే తింది, నాకు పెట్టలేదు.

పెట్టుకో తల్లీ, ఆ పేరే పెట్టుకో. ఎందుకొద్దంటాను. కానీ పిల్ల పుట్టిన నాడు మీ ఆయన ఏ పందెమైనా గెలిస్తే నాకు చెప్పొద్దు, వాణ్ణి అసలు ఎవరికీ చెప్పనివ్వద్దు. ఇంకోటి, అది ఏదైనా మాడ్చిందనుకో, పాడు చేసిందనుకో, పేరు పెట్టి గట్టిగా కసరాలి, వీధి వినేలా. బద్ధకించకూడదు. అత్త ఆ రోజు పడవ దిగేటప్పుడు నాతో ఏమందంటే, "నన్నూ ఎవరైనా అలా కసిరి ఉంటే అప్పుడే పడవెక్కేదాన్నే."

అదుగో, గుళ్ళో ప్రార్థన గంట కొట్టారు. లేవకు, కూర్చునే సిలువ గుర్తు వేసుకో.