పెరాక్సైడ్: నిల్

బడి వదిలిన తర్వాత, సైన్సు ల్యాబులో. టీచరు గాజు గొట్టాలు కడుగుతోంది. ఆమె మామగారు ఫ్యాక్టరీ బట్టల్లోనే వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు.

"పాఠం చెప్పొద్దమ్మాయ్. ఆ మాటకి అర్థం చెప్పు చాలు."

"ఏ మాటకి మామయ్యా? అక్కడ నిలబడి గొణిగితే ఈ కొళాయి మోతలో నాకేం వినపడుతుంది?"

"పెరాక్సైడ్."

"ముందు లోపలికి రండి. ఆ స్టూలు మీద కాదు, పిల్లలు ఊపి ఊపి దాని కాలు ఊడగొట్టారు. ఇటు రండి, ఇది గట్టిది. ఈ ఒక్క మాట కోసం డ్యూటీ దిగి సరాసరి ఇక్కడికొచ్చారా? ఇంట్లో అడిగితే చెప్పనా?"

"ఇంట్లో వాడుంటాడు."

"ఉంటే? మీ అబ్బాయేగా."

"వాడి ముందు అడగను."

"బాగుంది. అయినా నన్ను అడగడమేంటి మామయ్యా? నేను కాపురానికొచ్చిన కొత్తలో నా పుస్తకం తిరగేసి, ఇవన్నీ మా స్టోర్లో బీరువాల నిండా ఉన్నాయన్నారు. ఒక్కో పేరూ చదివి వినిపించారు. ఈయనకి నాకంటే ఎక్కువ తెలుసురా బాబూ అని బెదిరిపోయాను ఆ రోజు."

"పేర్లు తెలుసు. పేర్లే."

"ఇప్పుడెందుకు కావలసొచ్చింది అర్థం?"

"చెబుతావా, వెళ్లమంటావా?"

"చెబుతాను, కూర్చోండి. పుండు కడిగితే బుసబుసా నురగొస్తుందే, ఆ మందు తెలుసుగా. అదొక పెరాక్సైడ్."

"అది తెలుసు. అది కాదు. మా స్టోర్లో సాల్వెంట్లుంటాయి. ఈథర్ ఉంటుంది."

"అవునా? సరే. ఆక్సిజన్ మామూలుగా ఇంకోదాన్ని పట్టుకుని ఉంటుంది. అలా కాకుండా ఆక్సిజనూ ఆక్సిజనూ చెయ్యీ చెయ్యీ పట్టుకున్నాయనుకోండి, దాన్ని పెరాక్సైడ్ అంటాం. ఆ పట్టు గట్టిది కాదు. కొంచెం వేడి తగిలినా, రాపిడి తగిలినా తెగుతుంది. తెగి ఊరుకోదు."

"ఈథర్ సంగతి చెప్పు."

"చెబుతున్నాగా. ఈథర్ సీసా ఒకసారి మూత తీశాక లోపలికి గాలి పోతుంది. అలా నెలల తరబడి పెడితే దానంతటదే లోపల పెరాక్సైడ్ పుడుతుంది. రంగు మారదు, వాసన మారదు. చూస్తే మంచినీళ్లే. దాన్ని తీసుకెళ్లి ఎవరైనా మరగబెట్టి ఆవిరి చేశారనుకోండి, ఈథర్ ముందు లేచిపోతుంది. పెరాక్సైడ్ అడుగున మిగులుతుంది. చిక్కబడుతుంది. చిక్కబడి చిక్కబడి..."

"పేలుతుంది."

"పేలుతుంది. మా పుస్తకంలో ఇదంతా ఒక్క వాక్యం. రెండు మార్కుల ప్రశ్న. ఏటా పిల్లలతో బట్టీ పట్టిస్తాను. మామయ్యా..."

"ఊ."

"మంగళవారం మీ ఫ్యాక్టరీలో పేలింది ఇదేనా?"

"ఊ."

"ఆ కెమిస్టు అమ్మాయి మంట ఎక్కువ పెట్టిందని అన్నారుగా ఇంట్లో."

"నేననలేదు. ఆఫీసువాళ్లన్నారు. వాళ్లన్నది చెప్పాను."

"ఎలా ఉంది ఆ అమ్మాయి?"

"రెండు చేతులకీ కట్లు. ఒక కన్ను పోయింది. రెండోది ఇప్పుడే చెప్పలేమన్నారు."

"చూసొచ్చారా?"

"వెళ్లాను. తలుపు దాకా."

"లోపలికి వెళ్లలేదా?"

"లోపల వాళ్లమ్మ కూర్చుని ఉంది."

"ఉంటే ఏమైంది? పలకరించాల్సింది."

"ఏమని? పళ్లు పక్కింటి మంచం వాళ్లకిచ్చి వచ్చేశాను."

"పక్క మంచం అనండి. మీకు ఒంట్లో బాగుందా? మొహం పీక్కుపోయింది."

"రేపు పదింటికి కమిటీ. నన్ను రమ్మన్నారు."

"మిమ్మల్నా? మీరు స్టోరు మనిషి కదా. ల్యాబులో జరిగినదానికి మీరేం చెబుతారు?"

"రిజిస్టరు తెమ్మన్నారు. స్టోర్లోంచి ఈథర్ సీసా బయటికి పోయే ముందు రిజిస్టర్లో ఎక్కించాలి. పేరు, తెరిచిన తేదీ, ఎంత ఉంది. ఆ పక్కన పెరాక్సైడ్ అని ఒక కాలమ్. ఆ సీసాకి నిల్ అని ఉంది. కింద నా సంతకం."

"నిల్ అంటే లేదని."

"లేదని. సీసాలో ఏమీ లేదు కాబట్టి పిల్లే చేతకాక పేల్చుకుందంటారు. అలా రాసి మూసేస్తారు. ఇంక ఎక్కడా ల్యాబు గుమ్మం తొక్కనివ్వరు దాన్ని. కన్ను మిగిలినా."

"మరి నిజంగా నిల్లేనా?"

"కొళాయి కట్టు. నీళ్లు పోతున్నాయి."

"కట్టేశాను. మిమ్మల్నే అడుగుతున్నా. ఆ సీసా ఎప్పుడు తెరిచింది?"

"ఎండాకాలంలో."

"అమ్మో. దానికి నిల్ ఎలా వచ్చింది? పరీక్ష ఎవరు చేశారు?"

"నేను ఆ స్టోర్లో చేరినప్పుడు నా ముందున్నాయన తాళాలూ రిజిస్టరూ అప్పగించి పోయాడు. పేజీ తిప్పితే ఆ కాలమ్‌లో పైనుంచి కిందికి నిల్, నిల్, నిల్. నేనూ అలాగే రాశాను."

"మక్కీకి మక్కీ."

"పదకొండేళ్లు."

"పదకొండేళ్లలో ఎవరూ చూడలేదా?"

"ఏడాదికోసారి తనిఖీ వాళ్లొస్తారు. గళ్లన్నీ నిండి ఉన్నాయా అని చూస్తారు. చేతిరాత బాగుందని మెచ్చుకుని పోతారు."

"అర్థమేంటని మీరైనా ఎవర్నీ అడగలేదా?"

"చేరిన రోజు అడగాలి. ఆ రోజు అడగలేదు. నెల పోయాక అడిగితే, నెల రోజులుగా ఏం రాశావయ్యా అంటారు. ఏడాది పోయాక అడిగితే ఏడాది. ఆ తర్వాత మొహం చెల్లలేదు."

"నన్ను అడగొచ్చుగా. ఇంట్లోనే ఉన్నానుగా."

"కోడల్నా?"

"ఇప్పుడు అడగలా?"

"ఇప్పుడు అడిగాను. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు. అవీ నా చేతులు కావు."

"అలా తల వంచేసుకోకండి మామయ్యా. కాసిని మంచినీళ్లు తాగండి. ఇది తాగే గ్లాసే, భయపడకండి."

"ఆ పరీక్ష ఎలా చేస్తారు?"

"కాగితం పట్టీలుంటాయి. సీసాలో ముంచి తీస్తే, పెరాక్సైడ్ ఉంటే నీలమవుతుంది."

"ఎంత నీలం?"

"ఉన్నదాన్ని బట్టి."

"లేతగా ఉంటే ఏమీ కాదేమో."

"లేతగా ఉంటే దాన్ని పోగొట్టే పద్ధతులున్నాయి. పోగొట్టి వాడుకోవచ్చు."

"ముదురుగా ఉంటే?"

"ముట్టుకోకూడదు. మూత కూడా తిప్పకూడదు."

"ముదురైనా అన్నిసార్లూ పేలదేమో. ఒక్కోసారి ఏమీ కాదేమో కదా."

"రైలు పట్టాల మీద పడుకున్నవాడు కూడా ఒక్కోసారి లేచి ఇంటికొస్తాడు. ఇప్పుడు ఈ బేరాలెందుకు మామయ్యా? జరిగింది జరిగింది. రేపటి సంగతి ఆలోచిద్దాం. కాగితం తీస్తున్నాను, మీరు చెప్పేది రాసిస్తాను. అక్కడ నోట మాట రాకపోతే అది చదవండి."

"ఏం రాస్తావు?"

"ఉన్నదే. మీకు ఎవరూ నేర్పలేదని. రిజిస్టరు చేతిలో పెట్టి పొమ్మన్నారని. తప్పు నేర్పనివాళ్లది. సీసా పరీక్ష చెయ్యలేదని తేలితే ఆ అమ్మాయి మీద మచ్చ పోతుంది. మిమ్మల్నీ పెద్దగా ఏమీ అనలేరు."

"నన్ను ఏమన్నా పడతాను."

"అలా తేలిగ్గా అనకండి. రిటైరయ్యే ముందు ఉద్యోగం పోతే మీ అబ్బాయి నన్నే అంటాడు, నీ తెలివితేటలు ఇంట్లో పెట్టుకోలేకపోయావా అని."

"వాడి తెలివికి టీ పెట్టడం కూడా రాదు. వాడి మాట వదిలెయ్."

"నవ్వారు, అదే పదివేలు. వినండి. 'పదకొండు సంవత్సరాలుగా నేను సాల్వెంట్ స్టోరు చూస్తున్నాను. రిజిస్టరులో పెరాక్సైడ్ అనే కాలమ్‌లో, అంతకు ముందున్నవారు రాసినట్టే నిల్ అని రాస్తూ వచ్చాను.' బాగుందా?"

"బాగుంది."

"'ఆ మాటకి అర్థం నాకు తెలియదు. ఎవరూ చెప్పలేదు.'"

"అది కొట్టెయ్."

"ఎందుకు? దాని మీదే కదా అంతా నిలబడేది. తెలియదని చెప్పడానికి సిగ్గా మామయ్యా? తెలియకపోవడం నేరం కాదు."

"ఆ ముక్క నీ పిల్లలకి చెప్పుకో. కొట్టెయ్."

"కొట్టెయ్యను. నిజమేగా."

"చెప్పారు."

"ఎవరు?"

"ఆ పిల్లే."

"ఏ పిల్ల? ఆ కెమిస్టు అమ్మాయా? ఎప్పుడు?"

"తను చేరిన నెలకే. స్టోర్లోకి వచ్చి రిజిస్టరు తిరగేసింది. లోడింగు వాళ్లంతా అక్కడే ఉన్నారు. పెద్దాయనా, అన్నీ నిల్లే ఎలా వస్తాయండీ, దేంతో చూస్తున్నారు అంది. వాళ్లు నవ్వారు. నాకు తల కొట్టేసినట్టయింది. నువ్వు పుట్టకముందు నుంచీ డ్రమ్ములు దొర్లిస్తున్నా, నీ పని నువ్వు చూసుకో అన్నాను."

"మామయ్యా."

"మర్నాడు ఒక్కతే వచ్చింది. అందరి ముందూ అడగడం నాదే తప్పు పెద్దాయనా, మనసులో పెట్టుకోకండి అంది. పట్టీల డబ్బా ఒకటి ఇచ్చింది. పెరాక్సైడ్ అంటే ఏంటో కాగితం మీద పెద్ద పెద్ద అక్షరాలతో రాసిచ్చింది. చెయ్యీ చెయ్యీ పట్టుకోవడం, తెగడం, అడుగున చిక్కబడటం. నీకంటే బాగా చెప్పింది."

"అంతా తెలిసి, మళ్లీ నన్నెందుకడిగారు?"

"నువ్వు ఇంకోలా చెబుతావేమోనని."

"ఇంకోలా అంటే?"

"అంత ప్రమాదమేం కాదు, పుస్తకాల్లో అలా రాస్తారంతే అంటావేమోనని."

"అనలేను మామయ్యా."

"తెలుసు."

"మరి ఆ డబ్బా ఇచ్చినప్పటి నుంచైనా పరీక్ష మొదలుపెట్టాల్సింది కదా. ఎవరు వద్దన్నారు?"

"ఈ నెల నీలమని రాస్తే పోయిన నెల నిల్ ఎలా వచ్చిందంటారు. అంతకు ముందు నెల ఎలా వచ్చిందంటారు. పేజీలు వెనక్కి తిప్పుకుంటూ పోతారు. పదకొండేళ్లు తిప్పుతారు. నా సంతకం లేని పేజీ లేదు."

"అందుకని ఊరుకున్నారు."

"ఊ."

"సరే. ఇది కూడా చెప్పుకోదగ్గదే. కష్టమే గాని చెప్పుకోవచ్చు. పై రెండు ముక్కలూ కొట్టేశాను, చూడండి. 'నాకు చెప్పారు. అహం కొద్దీ, భయం కొద్దీ నేను ఏ సీసాకీ పరీక్ష చెయ్యలేదు.' ఇదైనా ఉంచనిస్తారా?"

"అదీ కొట్టెయ్."

"ఇప్పుడు దేనికి?"

"చేశాను."

"ఏది?"

"పరీక్ష. ఒక్కటే. తలుపేసుకుని, ఎవరూ లేకుండా చూసి. సోమవారం, ఆ సీసాకే. పట్టీ ముదురు నీలమైంది. దాన్ని జేబులో పెట్టుకుని, నిల్ అని రాసి, సీసా నేనే మోసుకెళ్లి ఆ పిల్ల బల్ల మీద పెట్టి వచ్చాను."