నలభై రెండేళ్ళ పై బెర్తు

తాడేపల్లిగూడెం స్టేషన్లో రిజర్వేషన్ కౌంటరు ఎదుట బెంచీ మీద కూర్చుని, మాస్టారు తెచ్చిన చెన్నై టికెట్టు చదవగానే ఆయన భార్య ముఖం ఎర్రబడింది.

"ఏవండీ, మోకాళ్ళ ఆపరేషన్‌కి వెళ్తున్నది నేను. కింద బెర్తు మీకూ, పై బెర్తు నాకూనా? ఆ కంప్యూటర్‌కి బుద్ధుందా అసలు?"

"దానికి మోకాళ్ళు కనపడవు కదే. ఫారంలో వయసు చూస్తుందంతే. ఆడవాళ్ళకి నలభై అయిదు, మగవాళ్ళకి అరవై దాటితే, ఖాళీ ఉంటే అడక్కుండానే కింద బెర్తు ఇచ్చేస్తుందట. నాకు అరవై మూడు. ఇచ్చింది."

"మరి నాకు?"

"నీకు నలభై రెండు."

"అలా ఎవరు రాశారు?"

"నేనే. నువ్వు చెప్పావుగా."

"లైన్లో మన వెనకాలే పక్కింటి అచ్చాయమ్మగారు నిలబడ్డారండీ! ఆవిడ వింటుంటే ఇంకేం చెప్పమంటారు? నేను చెప్తే మాత్రం రాసేయడమేనా? అది నమ్మేయడమేనా?"

"మన పెళ్ళయి ముప్పై అయిదేళ్ళయిందని దానికి తెలీదుగా. పోనీలే, నా బెర్తు మీద నువ్వు పడుకో. నేను పైకెక్కుతాను."

"ఆ నడుంతోనా? వద్దండీ. ఇది క్యాన్సిల్ చేయించి మళ్ళీ రాయండి. ఈసారి... అసలుది."

ఆమె గొంతు తగ్గిపోయింది. మాస్టారికి నవ్వొచ్చింది గానీ బయటపడనివ్వలేదు. కొత్త ఫారం, పెన్ను తెచ్చి ఆమె ఒళ్ళో పెట్టి, పట్టాల వైపు తిరిగి కూర్చున్నారు.

"నువ్వే రాసి, మడిచి ఇయ్యి. నేను చూడను."

"చూస్తే ఏమవుతుందిట?"

"నిజం కంప్యూటర్‌కి తెలిస్తే చాలు. నాకు నలభై రెండే బావుంది."