చేతులెత్తే ముందు

ఈ రోజు జూన్ పద్నాలుగు, ఆదివారం. నా వీడ్కోలు కాగానే మన పార్టీ విలీనంపై మీరు చేతులెత్తబోతున్నారు. ఆ తర్వాత నేను మాట్లాడినా ఉపయోగం ఉండదు కనుక, చెప్పవలసింది రాసుకుని వచ్చాను.

అధ్యక్షులవారికి, వేదిక మీది పెద్దలకు, వెనక వరసలో అప్పుడే గడియారం చూసుకుంటున్న మిత్రులకు, మన కార్యదర్శికి నమస్కారం. ఆవిడ నా మనవరాలని మీ అందరికీ తెలుసు, ఒక్కోసారి ఆవిడే మరిచిపోతుంది. (నవ్వులు)

నాకు పడక కుర్చీ బహూకరించారు. సూచన అర్థమైంది. (నవ్వులు)

పార్టీ తరగతుల్లో ఇన్నేళ్లూ నేను పట్టుబట్టింది ఒక్కదానికే. ఎవరి మాటనైనా కాదనదలిస్తే, ముందు ఆ మాటను, అన్నవారు "అవును, నేనన్నది ఇదే" అని ఒప్పుకునేలా తిరిగి చెప్పాలి. అంతవరకు ఎదురు చెప్పరాదు. దీనివల్ల సమావేశాలు గంటలకొద్దీ సాగేవి, టీ చల్లారిపోయేది, డ్రైవరుగారు కింద హారన్ మోగిస్తూనే ఉండేవారు. అయినా ఓడినవాళ్లు తలుపు విసిరికొట్టకుండా ఇంటికి వెళ్లేవారు.

విలీనం ఎందుకు కావాలో నేనే చెబుతాను. నీటి సరఫరా ప్రజల చేతిలోనే ఉండాలన్నాం, వరసగా ఓడిపోయాం. దాన్ని కంపెనీలకు ఇద్దామన్న పార్టీ గెలిచింది. అందులో చేరితే కొంతైనా ఆపగలం, బయటే ఉంటే మనకు మిగిలేవి నినాదాలే. ఏమ్మా, నువ్వన్నది ఇదేనా?

(కార్యదర్శి: "అవును అమ్మమ్మా. నాకన్నా బాగా చెప్పావు.")

ఇప్పుడు నా మాట నువ్వు చెప్పు.

(కార్యదర్శి చేతిలోని కాగితాలు తిరగేస్తుంది)

(కార్యదర్శి: "నువ్వు... సిద్ధాంతమే ముఖ్యమంటావు.")

అది గోడల మీద రాసే మాట తల్లీ, నాది కాదు. మొన్న వంటింట్లో, "సిద్ధాంతం నీళ్లిస్తుందా అమ్మమ్మా?" అన్నావు. "ఇవ్వదు. ఎవరి కుళాయికి ముందు వదలాలో చెబుతుంది. అది చెప్పలేని పార్టీలో చేరి నువ్వు ఆపేదేమిటి?" అన్నాను. అప్పటికే నీ చెవి దగ్గర ఫోనుంది.

చిన్నప్పుడు కిటికీ పక్క మంచం కోసం తమ్ముడితో పోట్లాడితే, వాడి వాదన నీచేతే చెప్పించాను. సగం చెప్పి, "సరేలే, వాణ్ణే పడుకోమను" అని దిండు చంకన పెట్టుకుని వెళ్లిపోయావు. ఆ పిల్ల కోసమే ఇందాకటి నుంచి వేదికంతా వెతుకుతున్నాను.

అలసిపోయానండీ. ఓడిపోవడం నాకు అలవాటే. నా మాటేమిటో తెలియనివాళ్ల చేతిలో ఓడిపోవడమే కొత్త. అదే ఒంట్లో సత్తువ లాగేసింది.

ఇక జరగవలసినవి:

1. ఈ పూట ఎవరూ చేయి ఎత్తకూడదు.

2. కార్యదర్శి మా వంటింటికి రావాలి, ఫోను లేకుండా. నేను ఔననేదాకా నా మాట తిరిగి చెప్పాలి.

3. ఆ తర్వాత ఓటు పెట్టండి. విలీనమే గెలిస్తే తలుపు నెమ్మదిగా వేసుకుని వెళతాను.

4. పడక కుర్చీ ఇంటికి పంపించండి. ఆవిడ చెబుతుంటే కూర్చుని వినాలి కదా. ఓపిగ్గా విన్నారు, అందరికీ కృతజ్ఞతలు. సెలవు.